బేచిరాగ్ అని నేను రాసిన ఊరు

జనం చెప్పేది వినకండి, కొలిచే గొలుసు చెప్పేది రాసుకోండి అని నా దగ్గర పని నేర్చుకున్నవాళ్లందరికీ చెప్పాను. వాళ్లలో కొందరు ఇప్పుడు నాకన్నా పెద్ద కుర్చీల్లో ఉన్నారు కాబట్టి అది పనికొచ్చే మాటే అయి ఉండాలి. ఇప్పుడు పెన్షను తీసుకుంటూ, తీరిగ్గా, ఆ మాట కూడా వెనక్కి తీసుకుంటున్నాను. సర్వీసులో ఉండగా వెనక్కి తీసుకోవడానికి రూల్సు ఒప్పుకోవు.

కొలిచే కొలువు

నేను పుట్టింది జగిత్యాల పక్కన పల్లెలో. చదివింది ఉర్దూలో. సర్వే ఉద్యోగంలో చేరింది పోలీసు చర్య అయిన కొత్తలో. జాగీర్లు రద్దవుతున్నాయి, ఎవరి నేల ఎంతో మళ్లీ కొలవాలన్నారు. గొలుసు పట్టుకోవడం వస్తే చాలు, ఉద్యోగం దొరికే రోజులు. నాకు పట్టుకోవడం వచ్చు. విడిచిపెట్టడం మాత్రం రిటైరయ్యే దాకా రాలేదు.

ప్రమోషన్ల గురించి రాయను. వచ్చినవి రాస్తే పోస్టుకార్డు నిండదు, రానివి రాస్తే పెద్ద పుస్తకం అవుతుంది. కొలతల లెక్కలు శిక్షణలో నేర్పుతారు, అవీ వదిలేస్తున్నాను. నేను రాయాలనుకున్నది ఒక్క ఊరి సంగతి. పదకొండు ఇళ్లు. ఇప్పుడు అవీ లేవు. ఈ సంగతి మా ఇంట్లో కూడా ఎవరికీ పూర్తిగా చెప్పలేదు.

ఆ మూల

ఆసిఫాబాదుకు పడమట గుట్టలు మొదలవుతాయి. టేకు, నల్లమద్ది, ఇప్ప. గుట్టల వెనక రాజురా. నేను చేరినప్పుడు రాజురా కూడా మా ఆదిలాబాదు జిల్లాలోదే. మా మరాఠీ పట్వారీలు, మా తెలుగు పట్వారీలు ఒకే కచేరీలో ఒకరి భాషను ఒకరు వెక్కిరించుకుంటూ హాయిగా ఉండేవారు. రాష్ట్రాలు మార్చినప్పుడు రాజురాను కోసి బొంబాయి రాష్ట్రంలో కలిపారు. దాంతో ఆ గుట్టల్లోని ఒక వాగు దగ్గర ఊళ్లన్నీ సరిహద్దు ఊళ్లయ్యాయి. వాగుకు ఈ విషయం ఎవరూ చెప్పలేదు. ఎప్పటిలాగే వానాకాలం అటూ ఇటూ ఒరుసుకుని పారేది.

ఆ వాగు ఒక చోట పెద్ద వంపు తిరుగుతుంది. ఆ వంపులో కొంచెం నల్లనేల ఉంది. గుట్టల్లో నల్లనేల అంటే మన ఇళ్లలో బంగారం. అక్కడ కోలాములనే గిరిజనులు ఉండేవారు. జొన్న, కంది, కొంచెం సజ్జ. గోడలకు వెదురు తడికలు, పైన మట్టి పూత, కప్పుకు గడ్డి. వాళ్లకు సొంత భాష ఉంది. మాతో మాట్లాడాల్సి వస్తే తెలుగు, సంతలో మరాఠీ, మేం వెళ్లిపోయాక వాళ్లలో వాళ్లు నవ్వుకోవడానికి కోలామీ.

మొదటిసారి

నేనూ, గొలుసు లాగే చెయిన్‌మన్ రాజన్నా అక్కడికి ఒక చలికాలం పోయాం. రాజన్న వయసులో నాకంటే పెద్ద, జీతంలో చిన్న, తెలివిలో మళ్లీ పెద్ద. పాత నక్షాలో, అంటే సర్వే పటంలో, వాగుకు ఇవతల ‘భీముగూడ’ అని ఉంది. మేం పోయి చూస్తే మనిషి లేడు. పుచ్చిపోయిన గుంజలు కొన్ని, మూడేసి రాళ్ల పొయ్యిలు, మొలిచిన తుమ్మ. జనం లేని ఊరికి మా ఉర్దూ రికార్డులో ఒక మాట ఉంది: బేచిరాగ్. దీపం లేనిది అని అర్థం. ఎంత బాగుంటుందో రాయడానికి! అప్పట్లో నా చేతిరాత మీద నాకు మోజు. అందంగా రాశాను.

వాగు దాటితే, ఫర్లాంగు దూరంలో పదకొండు ఇళ్లు కనపడ్డాయి. నడిమి వయసు మనిషి ఒకాయన ఎదురొచ్చాడు.

“ఈ గూడెం పేరేంది?” అని అడిగాను.

“సోముగూడ.”

“సోము ఎవరు?”

“నేనే.”

రాజన్న గొలుసు కింద పెట్టి, “అబ్బో! మా ఊళ్లె నా ఇల్లు యాడుందంటె నా పక్కింటోడే చెప్పడు. గీ పటేలు పేరు మీద ఊరే ఉన్నది సారూ” అన్నాడు. సోము నవ్వాడు. ముందు పళ్లు రెండు లేవు.

“ఈ ఇండ్లు ఎప్పుడు కట్టిండ్రు?”

“నిరుడు ఎండకాలం.”

“వాగవతల భీముగూడ అని రాసుంది. అదేమైంది?”

“గది ఇగ లేదు సారు. భీము సచ్చిపోయిండు.”

రాజన్న నా చెవి దగ్గరకొచ్చి, “సారూ, గా భీము ఎవరో జర అడుగుండ్రి” అన్నాడు.

“నీ పని గొలుసు, రాజన్నా” అన్నాను.

నాకు ఇరవై ఆరేళ్లు. నేను అడిగిన ప్రతి ప్రశ్నకూ ఆ మనిషి నిజమే చెప్పాడు. అడగాల్సిన ప్రశ్న నేను అడగలేదు. పాత ఊరు బేచిరాగ్ అని ఒక కాగితం, వాగవతల నిరుడు కొత్తగా వచ్చి కూర్చున్నవాళ్లు అని ఇంకో కాగితం. విడివిడిగా చూస్తే రెండూ నిజం. పక్కపక్కన పెడితే అబద్ధం.

మెచ్చుకోలు

మా తహసీల్దారు హైదరాబాదు మనిషి. తెల్ల షేర్వానీ, తెల్ల మనసు. నా కాగితాలు చూసి, “శభాష్ మియా! ఖాళీ జాగ ఖాళీ అని రాసినవ్, కొత్త కబ్జా కొత్తది అని రాసినవ్. బహుత్ సాఫ్ కామ్” అన్నాడు. ఉద్యోగంలో నాకు దక్కిన మొదటి మెచ్చుకోలు అదే. ఆ వారమంతా మీసం దువ్వుకున్నాను. అప్పటికి మీసం కూడా పూర్తిగా మంజూరు కాలేదు.

పై అధికారుల గురించి ఒక మాట చెప్పాలి. తిట్టే అధికారి వల్ల సర్వేయరుకు పెద్ద నష్టం లేదు, తిట్టినచోట మళ్లీ కొలుస్తాడు. మెచ్చుకున్నచోటికి మళ్లీ పోడు. నేను పోలేదు.

రెండేళ్ల తర్వాత నా నక్షాల ఆధారంతో అటవీ హద్దు గీయడం మొదలైంది. పద్ధతి ఇది: పాతకాలం నుంచి ఉన్న ఊరైతే దాని చుట్టూ సాగునేల వదిలి హద్దు పోతుంది. బేచిరాగ్ అయితే వదలాల్సిన పని లేదు. కొత్తగా వచ్చినవాళ్లయితే లేపి పంపాలి.

ఒకరోజు ఆసిఫాబాదులో మా క్యాంపు ముందు సోము నిలబడి ఉన్నాడు. రెండు పొద్దులు నడిచి వచ్చాడు.

“గొలుసు సారూ, అడవోళ్లు మా జొన్నచేన్ల నడుమ రాళ్లు పాతుతుండ్రు. మీరు నిన్నగాక మొన్న వచ్చినోళ్లు, లేసి పోవాలె అంటుండ్రు. గట్ల ఎవరు చెప్పిండ్రని అడిగిన. గొలుసు సారే రాసిండు అంటుండ్రు.” నన్ను ఎగాదిగా చూశాడు. “నువ్వు గట్ల రాయవని వాళ్లకు చెప్పి వచ్చిన.”

నేను అప్పుడు అడిగాను. “సోమూ, భీము నీకేమైతడు?”

“మా బాపు.”

రాజన్న అక్కడే ఉన్నాడు. గొలుసు తుడుస్తున్నాడు.  నన్ను ఒక మాట అని ఉంటే నాకు కొంచెం తేలికగా ఉండేది.

రెండోసారి

సంగతి ఏమిటంటే, ఆ ఊళ్లో పెద్దమనిషి చనిపోతే ఊరు అక్కడ ఉండదు. ఇళ్లు విప్పుకుని కొంచెం దూరం జరుగుతారు. కొత్త పెద్దమనిషి పేరే కొత్త ఊరి పేరు. జరిగేది ఇళ్లు మాత్రమే, చేలు జరగవు. అవే చేలు, అదే నల్లనేల, చుట్టూ ఇళ్లు తిరుగుతుంటాయి, కళ్లంలో రాట చుట్టూ ఎడ్లు తిరిగినట్టు. గూడెంలో మామూలు మనుషులందరికీ తెలిసిన విషయం ఇది. తెలియనిది మా శాఖకే.

హద్దు ఖాయం కావడానికి ఇంకా గడువుంది. ఈలోగా అది పాత ఊరే అని రుజువైతే చేలు వదిలి హద్దు పోతుంది, లేకపోతే పదకొండు ఇళ్లూ లేవాలి. మళ్లీ కొలవడానికి అనుమతి తెచ్చుకుని పోయాను. ఈసారి మాకు దారి చూపించింది లచ్చుబాయి, సోము తల్లి, భీము భార్య. నడుం వంగిపోయింది కానీ నాకంటే వేగంగా నడిచింది.

“మా మామ ఉన్నప్పుడు సుత నీ అసొంటోడు ఒకడు కొలువ వచ్చిండు” అంది. “గాయన గుర్రం మీద వచ్చిండు. నువ్వు నడుసుకుంట వచ్చినవ్. ఏంది కొడుకా, సర్కారు గరీబైందా?”

“సర్కారు కాదవ్వా, సారే గరీబు” అన్నాడు రాజన్న.

ఇప్పుడున్న గూడెంతో కలిపి నాలుగు చోట్లు చూపించింది. భీముగూడలో ఒక పొయ్యి దగ్గర ఆగి, “గిది నాది. మూడు రాళ్లల్ల ఒకటి పలిగింది, గందుకే ఇడిసిపెట్టిన. మిగిలిన పొయ్యిలు జూడు, పలగని పొయ్యి ఒక్కటన్న ఉన్నదా?” అంది. నిజమే. మొదటిసారి వచ్చినప్పుడు నేను చూసిన పొయ్యిలన్నీ పగిలిన రాళ్లవే. పారిపోయినవాళ్లు, చచ్చిపోయినవాళ్లు రాళ్లు ఏరుకుని పోరు. నేను రాళ్లను కొలిచేవాణ్ని, ఆ మూడు రాళ్ల మాట చదవలేకపోయాను.

దాని వెనక మారుగూడ, అంటే ఆమె మామగారి ఊరు. అంతకు ముందుది జంగుగూడ. ప్రతి చోటా ఊరి దేవత రాయి ఉంది, దాని మీద ఎండిన పసుపు ఉంది. కొత్త పంట రాగానే నాలుగు చోట్లా నైవేద్యం పెట్టాకే తింటారట. తిరిగి వచ్చి పాత రికార్డు తిరగేస్తే జంగుగూడ, మారుగూడ కూడా ఉన్నాయి. నాకు ముందు వచ్చిన సర్వేయర్లు వాటినీ బేచిరాగ్ అనే రాశారు, నా కన్నా మంచి చేతిరాతతో. పదకొండు ఇళ్ల జనానికి మా శాఖ నాలుగు ఊళ్లు ఇచ్చింది. మూడు చచ్చినవి, ఒకటి దొంగది.

నాలుగింటినీ, మధ్యలో చేలనూ ఒకే కాగితం మీద గీశాను. నా చేత్తో గీసిన వాటిలో మంచి నక్షా అదే. దాంతో పాటు వాంగ్మూలాలు జతపెట్టి పంపాను. పంపిన రోజు సోముతో, “ఫికర్ పడకు” అన్నాను.

“నాకెందుకు ఫికర్ సారు, నువ్వున్నవ్ గద” అన్నాడు.

ఒక ప్రశ్న

ఆ ఫైలు కదులుతుండగానే రాష్ట్రం మారింది. ఊరు జరగడం నేరమన్న సర్కార్లే సరిహద్దును జరిపాయి. షేర్వానీ తహసీల్దారు బదిలీ అయిపోయాడు. కొత్త పెద్ద అధికారి కృష్ణా నది అవతల, ఆంధ్రా వైపు నుంచి వచ్చారు. మంచివారు, ఇది మర్యాదకు అంటున్న మాట కాదు. ఆయనకు ఉర్దూ రాదు, నాకు ఇంగ్లీషు అంతంత మాత్రం, ఇద్దరికీ వచ్చిన తెలుగు ఒకరిది ఒకరికి సగమే అర్థమయ్యేది. అయినా ఫైలంతా తర్జుమా చేయించి ఓపిగ్గా చదివారు. నన్ను పిలిపించారు.

“చూడవయ్యా, ఊరు లేదని రాసిందీ నువ్వే, ఉందని రాసిందీ నువ్వే. ఇందులో ఏది తప్పు?”

ఆయన రెండు రిపోర్టులూ నా ముందుకు జరిపారు.

“మొదటిది తప్పని రాసివ్వు, ఆ చేలను బయట వదిలి హద్దు వేయిస్తాను. నాకూ ఆ జనాన్ని లేపాలని సరదా లేదు. కానీ తప్పుడు రిపోర్టు అన్నాక నీ మీద విచారణ పెట్టాల్సొస్తుంది. అది నా చేతిలో ఉండదు. బయట బల్ల మీద కూర్చుని ఆలోచించుకుని రాసుకురా.”

బల్ల మీద కూర్చున్నాను. ఇంట్లో ఇద్దరు పిల్లలు, నా భార్యకు అప్పుడు ఏడో నెల. విచారణ అంటే సస్పెన్షన్, సస్పెన్షన్ అంటే ఎంత కాలమో తెలియదు. ఇవన్నీ నిజాలే. కానీ ఆ బల్ల మీద నేను నిజంగా ఆలోచించింది వాటి గురించి కాదు. ‘బహుత్ సాఫ్ కామ్’ అనిపించుకున్నవాణ్ని కదా, ‘తప్పు’ అనే మాట నా చేతిరాతలో ఎలా ఉంటుందో ఊహించుకోలేకపోయాను.

చివరికి రాసింది ఇది: మొదటి తనిఖీ నాటికి ఆ స్థలంలో నివాసం లేని మాట వాస్తవం, రెండో తనిఖీలో అదనపు వివరాలు తెలియవచ్చిన మాట కూడా వాస్తవం.

ఆయన చదివారు. కళ్లద్దాలు తీసి పెట్టారు. “రెండూ వాస్తవాలే అయితే ఇక నేను చేయగలిగిందేముందయ్యా?” అన్నారు. కోపం లేదు. కోపం ఉంటే నిలబడి మాట్లాడేవాణ్నేమో. నమస్కారం పెట్టి బయటికి వచ్చాను. నా సర్వీసు రికార్డులో ఒక్క మచ్చ లేదు. ఆ కాగితం వల్లే లేదు.

హద్దు చూపడం

హద్దు రాళ్లు ఎక్కడెక్కడ పడాలో చూపించడానికి కూడా నన్నే పంపారు. ఆ నేల తెలిసిన సర్వేయరు నేనొక్కణ్నే. మేం పోయేసరికి వాళ్లు ఇళ్లు విప్పుతున్నారు. వెంట వచ్చిన అటవీ జవాన్లకు పని లేకపోయింది. ఎవరినీ లాగలేదు, ఎవరూ ఏడవలేదు. తడికలు విప్పి కట్టలు కట్టారు, వాసాలు దించారు. ఆడవాళ్లు పొయ్యిరాళ్లు చీర కొంగుల్లో మూట కట్టుకున్నారు. చేయి తిరిగిన పని.

“సోమూ” అన్నాను. 

“గిది మాకు అలవాటే సారు” అన్నాడు. “కని ఎప్పుడు లేసినా ఏడికి పోతున్నమో ముందుగల్ల ఎరుకుంటుండె.”

లచ్చుబాయి నా దగ్గరికి వచ్చి, “కొడుకా, గీసారి ఎవరు సచ్చిండ్రని లేస్తున్నం? సోము బతికే ఉన్నడు గద” అంది. నన్నే అడుగుతోందో, తనలో తను అనుకుంటోందో. రాజన్న గొలుసు అక్కడే వదిలి వాగు వైపు పోయాడు. గంట దాకా రాలేదు. నేను పిలవలేదు.

కొందరు రాజురా వైపు దాటారు. అక్కడి రికార్డులో వాళ్లు పొరుగు రాష్ట్రం నుంచి వచ్చినవాళ్లు. కొందరు బొగ్గు గనుల్లో పనికి బెల్లంపల్లి పోయారు. కొందరు వెదురు నరకడానికి కంట్రాక్టర్ల వెంట తిరిగారు. అవే చేలలో మరుసటేడు వరసలు తీర్చి టేకు నాటారు. వరసలు చక్కగా వచ్చాయి. కొలిచింది నేనే కదా.

చెప్పగలిగినది

సర్వేలో కొత్తగా చేరే మీకు ఇందులో నేర్చుకోవడానికి ఏముందని వెతికాను. ఊరి పేరు అడిగినప్పుడు దానికి ముందు పేరు కూడా అడగండి. ఇల్లు ఎప్పుడు కట్టావని అడిగితే చేను ఎప్పటిదని కూడా అడగండి. చెయిన్‌మన్ ఏదైనా అడగమంటే అడగండి. ఇవి చేయగలిగినవే. తప్పు చేసినప్పుడు తప్పని రాయండి అని కూడా అనాలనుంది. నేను రాయలేదు కాబట్టి, రాయడం ఎలాగో నాకు తెలియదు. తెలియనిది నేర్పలేను. మీ బల్ల మీద మీరు కూర్చుంటారు.

వెదురు కుప్పల దగ్గర

పదేళ్లకు పైగా గడిచాక, కాగజ్‌నగర్ దారిలో మా జీపు చెడిపోయింది. పక్కనే వెదురు కుప్పలు, వాటి నీడన కూలీలు అన్నాలు తింటున్నారు. వాళ్లలోంచి ఒక ముసలివాడు లేచి నా వైపు వచ్చాడు. నవ్వితే గుర్తుపట్టాను. ముందు పళ్లు ఇప్పుడు ఒక్కటీ లేవు.

“గొలుసు సారూ! ఎంటికెలన్ని పోయినయేంది?”

“నీ పండ్లు, నా ఎంటికెలు కలిసే పోయినట్టున్నయ్, సోమూ.”

గట్టిగా నవ్వాడు. లచ్చుబాయి పోయిందని చెప్పాడు. ఏ ఊళ్లో ఉంటున్నావని అడిగాను.

“ఊరేడిది సారు. వెదురు ఏడుంటె గాడ. నేను సస్తె లేవనీకె ఒక్క ఇల్లు లేదు.” మామూలుగానే అన్నాడు, ఎండ గురించి అన్నట్టు. తర్వాత దగ్గరికి జరిగి గొంతు తగ్గించాడు. “సారూ, ఒక్క ముచ్చట. ఎన్నొద్దుల నుంచో అడగాలని ఉండె. గప్పుడు గా పెద్దసారుకు చెప్పినవా? ముందుగాల రాసింది తప్పు అని?”

ఇన్నేళ్లలో ఆ ప్రశ్న నన్ను అడిగిన మనిషి అతనొక్కడే. జవాబు చెప్పడానికి అంతకన్నా మంచి చోటు, మంచి మనిషి నాకు మళ్లీ దొరకరు.

“చెప్పిన” అన్నాను.

సోము తల ఊపాడు. చాలాసేపు ఊపాడు. “చెప్పినంక గూడ ఇనకుంటె నువ్వేం చేస్తవ్. పరేషాన్ గాకు సారు, నీ తప్పేం లేదు” అని నా భుజం తట్టాడు. వెనక్కి తిరిగి కూలీలతో కోలామీలో ఏదో చెప్పి, నాకు అర్థం కావాలని మళ్లీ తెలుగులో అన్నాడు: “గీ సారు మా ఊరి కోసం కొట్లాడిండు.”

వాళ్లు జరిగి నాకు నీడలో చోటిచ్చారు. ఒకామె ఆకులో జొన్నరొట్టె పెట్టింది. నేను కూర్చుని తిన్నాను.